ఎలుగు ఎందుకు ఆడింది?

చిన్నప్పుడు నాకు దడుపు జ్వరం వచ్చింది. కషాయాలు తాగించినా తగ్గలేదు. ఇంతలో వీధిలో డమరుకం మోగింది. ఎలుగుబంటిని ఆడించేవాడు వచ్చాడు. మా అమ్మమ్మ చేటతో బియ్యం పట్టుకువెళ్ళి, "నాయనా, మా పిల్లవాణ్ణి ఒక్కసారి దానిమీద కూర్చోబెట్టు" అంది. అతడు నన్ను ఎక్కించి దింపి, ఎలుగు వెంట్రుకలు రెండు పీకి తాయెత్తులో పెట్టి ఇచ్చాడు. తగ్గవలసిన రోజుకు జ్వరం తగ్గింది. ఎలుగు మహిమ అన్నారంతా.

ఆ మహిమకంటె నాకు దాని ఆటే చిత్రంగా తోచింది. డమరుకం మోగితే చాలు, వెనుక కాళ్ళమీద లేచి, తల ఊపుతూ గెంతేది. వాద్యానికి పరవశించి ఆడుతున్నదనే అనుకున్నాను.

పెద్దవాణ్ణయ్యాక అసలు సంగతి తెలిసింది. ఎలుగు మూతి మహా సున్నితం. అది చెదపుట్టను గోళ్ళతో తవ్వి, ముక్కుపుటాలు మూసుకొని, పెదవులు గొట్టంలా చాచి చెదలను పీల్చుకుంటుంది. అందుకు వీలుగా పై వరుసలో నడిమి పళ్ళు రెండూ దానికి ఉండవు. తిండి సంపాదించిపెట్టే ఆ మూతినే మనిషి పట్టుకున్నాడు. తల్లిని చంపిగాని, అది లేని సమయం చూసిగాని, పాలు మానని కూనను ఎత్తుకువచ్చేవారు. కాల్చిన ఇనుప చువ్వతో మూతికి తూటు పొడిచి తాడు దూర్చేవారు. కోరలు ఊడగొట్టేవారు. తాడు పైకి లాగితే బాధ. లేచి నిలబడితే కాస్త ఉపశమనం. లాగినప్పుడల్లా డమరుకం మోగించేవారు. కొన్నాళ్ళకు డమరుకం ఒక్కటే సరిపోయేది. మేము చప్పట్లు కొట్టిన నాట్యం ఇదీ!

అలాగని ఆడించినవాణ్ణి రాక్షసుడనలేను. ఖలందర్లకు అది తాతలనాటి వృత్తి. ఎలుగు ఆడకపోతే ఇంటిల్లిపాదీ పస్తు. 1972లో వన్యప్రాణి సంరక్షణ చట్టం వచ్చాక కూడా ఆట చాలా ఏళ్ళు సాగిందంటే ఆ ఆకలే ముఖ్య కారణం. 2002లో ఆగ్రా దగ్గర ఆశ్రయకేంద్రంలో ఎలుగులను చేర్చుకోవడం మొదలుపెట్టినవారు ఈ కీలకం గ్రహించారు. ఎలుగును అప్పగించినవారికి చిన్న దుకాణం వంటి వేరే బతుకుతెరువు చూపారు. వారి పిల్లలను బడికి పంపారు. అలా 600కు పైగా ఎలుగులకు తాడు తెగింది. 2009 నాటికి మన వీధుల్లో ఆ ఆట దాదాపు ముగిసింది.

అమ్మమ్మ కట్టిన తాయెత్తును చాలాకాలం దాచుకున్నాను. దడుపు పోవడానికి నన్ను ఎక్కించిన ఆ జంతువు, ఆనాడు నాకంటె ఎక్కువ దడుపుతోనే నిలబడి ఉండాలి.