ఉప్పుడు బియ్యమూ, జ్ఞాపకశక్తీ

ఇంట్లో పెద్దవారు అడిగిందే మళ్ళీ అడుగుతుంటే, "వయసు మీద పడింది, ఇక ఇంతే" అని మనం సరిపెట్టుకుంటాము. చాలాసార్లు అది నిజమే కావచ్చు. కాని తినే తిండిలో ఒక చిన్న పదార్థం లోపించినా మనిషికి మతి తప్పుతుంది. ఆ పదార్థాలలో మొదటిదాన్ని గుర్తించడంలో ఈ మలయా గడ్డకు పెద్ద పాత్రే ఉన్నది.

1905లో కౌలాలంపూర్ పిచ్చాసుపత్రిలో విలియం ఫ్లెచర్ అనే డాక్టరు రోగులను రెండు జట్లు చేశాడు. ఒక జట్టుకు సయాం నుండి వచ్చే మరపట్టిన తెల్లబియ్యం, రెండవ జట్టుకు ఇండియా నుండి వచ్చే ఉప్పుడు బియ్యం వండి పెట్టించాడు. బెరిబెరి అనే జబ్బు నేలనుబట్టో, అంటువల్లనో వస్తుందని ఆ రోజుల్లో చాలామంది నమ్మకం. తెల్లబియ్యం తిన్న జట్టులో అనేకులకు ఆ జబ్బు పట్టుకుంది, 18 మంది చనిపోయారు. ఉప్పుడు బియ్యం తిన్నవారిలో బెరిబెరితో చనిపోయినవారు లేరు. నోరులేని రోగుల మీద ఇటువంటి పరీక్షను ఈనాడు ఎవరూ ఒప్పుకోరు. తగరపు గనుల్లోని చీనా కూలీలు ఎందరో బెరిబెరికి బలి అవుతుండగా, తోటల్లోని మన తాతలకు అది అరుదుగా వచ్చిందంటే కారణం వారి కంచంలోని ఉప్పుడు బియ్యమే.

దానిలోని మహిమ ఏమిటి? వడ్లను నానబెట్టి, ఆవిరి పట్టించి, ఎండబెట్టి, ఆ తరువాత దంచుతారు. పై పొరలో ఉండే బి1 విటమిను, అంటే తయామిన్, ఆ నీటితో, వేడితో గింజ లోపలికి దిగుతుంది. అటుపైన తవుడు పోయినా విటమిను చాలావరకు నిలిచే ఉంటుంది. పచ్చివడ్లను మరకు వేసి మల్లెపువ్వులా పాలిషు పట్టిస్తే, అది తవుడుతో పాటు పశువుల తొట్టిలోకి పోతుంది. మిగిలిన కొంచెమూ కడుగు నీళ్ళతో, వార్చిన గంజితో పోతుంది. గంజి పారబొయ్యని మన అవ్వలు తెలియకుండానే మంచిపని చేశారు. ఈ విటమినును 1936లో ప్రయోగశాలలో తయారుచేసిన రాబర్ట్ విలియమ్స్ అమెరికావాడే గాని, పుట్టింది 1886లో నెల్లూరులో, మిషనరీల ఇంట. బియ్యానికి పేరుపడ్డ ఊరే మరి!

ఇక మెదడు సంగతి. దాని బరువు ఒంటిలో యాభయ్యవ వంతే, కాని అది ఖర్చుచేసే శక్తి అయిదవ వంతు. అన్నం శక్తిగా మారడానికి తయామిన్ కావాలి. ఒంట్లో దాని నిలువ రెండు మూడు వారాలకు మించదు. అది నిండుకుంటే మనిషి తికమకపడతాడు, కళ్ళు అదురుతాయి, నడక తూలుతుంది. 1942లో సింగపూరు చాంగీలో జపానువారి ఖైదీలకు తెల్లన్నమే ఆధారమైనప్పుడు కొద్ది వారాలలోనే ఈ లక్షణాలు కనబడ్డాయి. అక్కడ చూసిన 52 మంది రోగుల వివరాలను డి వార్డెనర్, లెనాక్స్ అనే డాక్టర్లు 1947లో ప్రకటించారు. వెంటనే తయామిన్ ఇంజెక్షను పడితే చాలామంది తేరుకుంటారు. ఆలస్యమైతే కొత్త సంగతేదీ మనసులో నిలువదు. ఖాళీని కల్పనతో పూరిస్తారు. గడప దాటనివాడు నిన్న ఇపో వెళ్ళి వచ్చానంటాడు, అది అబద్ధమని అతనికే తెలియదు.

యుద్ధం లేని రోజుల్లో ఈ జబ్బు ఎక్కువగా తాగుడుకు బానిసలైనవారిలో కనబడుతుంది. ఆనాటి తోటల్లో కల్లు దుకాణం ఎంత పాతుకుపోయిందో మనకు తెలియనిది కాదు. తాగేవాడికి అన్నం సహించదు, తిన్నదానిలోని తయామిన్‌ను కూడ సారా పేగులకు సరిగా అందనీయదు. అతని తడబాటు చూసి నవ్వుకుంటాము. అందులో మత్తు ఎంతో, విటమిను కరువు ఎంతో డాక్టరు చూస్తేగాని తేలదు.

ఇప్పుడు మన ఇళ్ళలో పెద్దలకు ఎక్కువగా ఎదురయ్యేది బి12 లోపం. ఇది పాలు, గుడ్లు, చేపలు, మాంసంలో తప్ప కూరగాయలలో సహజంగా ఉండదు. కాలేయంలో కొన్నేళ్ళకు సరిపడా నిలువ ఉంటుంది కనుక లోపం మెల్లగా, తెలియకుండా వస్తుంది. ముసలితనంలో జీర్ణరసాలు తగ్గినవారికి, పాలు కూడ ముట్టని శాకాహారులకు, చక్కెర జబ్బుకు ఏళ్ళ తరబడి మెట్‌ఫార్మిన్ మింగేవారికి ఈ ప్రమాదం ఎక్కువ. అరికాళ్ళ తిమ్మిరి, నీరసం, చిరాకు, మరపు దీని గుర్తులు. తొందరగా కనిపెడితే ఇంజెక్షన్లతోనో మాత్రలతోనో చాలావరకు కుదురుతుంది.

ఒక హెచ్చరిక. మరపు అల్జీమర్ జబ్బువల్ల వచ్చినదైతే విటమిన్లు దాన్ని నయం చేయవు. ఏ లోపమూ లేనివారు మందుల షాపులో సీసా కొని మింగితే జ్ఞాపకశక్తి పెరగదు, డబ్బు తరుగుతుంది. కనుక మొదట రక్తపరీక్ష. నాయనమ్మనో తాతయ్యనో క్లినిక్కుకు తీసుకువెళ్ళేటప్పుడు వారు వాడే మందులన్నీ ఒక సంచిలో వేసుకొని వెళ్ళండి. ఎంత తింటున్నారో, తాగుడు అలవాటుంటే అదీ, దాచకుండా చెప్పండి. బి12 చూడమని మీరే అడగండి.