ఆంటెలోప్ కాన్యన్

ఆంటెలోప్ కాన్యన్ అమెరికా సంయుక్త రాష్ట్రాలలోని ఆరిజోనా రాష్ట్రపు ఉత్తర అంచున, పేజ్ అనే చిన్న పట్టణానికి తూర్పున ఉన్న ఒక సన్నని లోయ. ఎర్రని ఇసుకరాతిని వరద నీరు కోయగా ఏర్పడిన ఈ లోయ కొన్ని చోట్ల మనిషి పక్కకు తిరిగి నడవవలసినంత ఇరుకుగాను, సుమారు 37 మీటర్ల వరకు లోతుగాను ఉంటుంది. ఇటువంటి వాటిని చీలిక లోయలు అనవచ్చును. ఇది నవాజో తెగవారి స్వయంపాలిత ప్రాంతమైన నవాజో నేషన్‌లో ఉన్నది. 1997లో నవాజోలు దీనిని తమ తెగ ఉద్యానవనంగా ప్రకటించిన నాటి నుండి అనుమతి పొందిన మార్గదర్శకుడు (గైడు) వెంట లేనిదే ఎవ్వరినీ లోనికి పోనివ్వడం లేదు. అందువలన ఈ లోయను చూడడమంటే గైడుతో కలసి ఒక పూట ఎడారి యాత్ర చేయడమే.

పేరు

ఆంటెలోప్ అంటే ఇక్కడ జింకను పోలిన ప్రాంగ్‌హార్న్ అనే జంతువు. ఒకప్పుడు ఇవి ఈ ప్రాంతంలో మందలుగా తిరిగేవి. అందుకనే లోయకు ఆ పేరు వచ్చినది. నవాజోల పేర్లు ఇంతకంటె అర్థవంతమైనవి. ఎగువ లోయను వారు త్సే బిఘానిలిని అంటారు. రాళ్ళ గుండా నీరు పారే చోటు అని దాని అర్థం. దిగువ లోయ పేరు హజ్దిస్తాజి, అనగా మెలికలు తిరిగిన రాతి తోరణాలు. మొదటి పేరులో లోయ పుట్టుకతో పాటు, దానిలోని ప్రమాదం కూడా చెప్పబడినది. ఎండిన ఇసుక నేల మీద నిలబడి ఫోటోలు తీసుకునేవారికి అది నీటి దారి అన్న సంగతి సులభంగా తోచదు.

ఏర్పడిన విధం

లోయ గోడలలోని రాయిని భూగర్భ శాస్త్రజ్ఞులు నవాజో ఇసుకరాయి అంటారు. జురాసిక్ యుగపు తొలి భాగంలో, అంటే దాదాపు 19 కోట్ల సంవత్సరాల క్రిందట, ఇక్కడ మహా విస్తారమైన ఇసుక ఎడారి ఉండేది. గాలికి కదిలే ఇసుక తిన్నెలు ఒకదానిపై ఒకటి పేరుకొని, భూమిలో కూరుకుపోయి, ఖనిజాలు రేణువులను అతికించగా రాయిగా మారాయి. గోడల మీద ఏటవాలుగా కనిపించే సన్నని గీతలు ఆనాటి తిన్నెల వాలులే. రేణువుల చుట్టూ పూతలాగా పట్టిన ఇనుప ఆక్సైడు, అంటే ఒక విధమైన తుప్పు, రాతికి ఎరుపు రంగు నిచ్చినది.

తెలుగువారికి దీనిని పోల్చి చూసుకొనడానికి ఒక మంచి ఉదాహరణ భీమిలి దగ్గరి ఎర్రమట్టి దిబ్బలు. అక్కడ కూడా గాలి తెచ్చిన ఇసుక, ఇనుప ఆక్సైడు వలన వచ్చిన ఎరుపు, వాన నీరు కోసిన గండ్లు కనిపిస్తాయి. కాని ఆ దిబ్బల వయస్సు వేల సంవత్సరాలే. ఇసుక ఇంకా రాయి కాలేదు. గండికోటను గ్రాండ్ కాన్యన్‌తో పోల్చడం మనవారికి అలవాటు. కాని పెన్నా వంటి నది కోసిన వెడల్పైన లోయకు, వరద మాత్రమే కోసిన ఈ సన్నని చీలికకు పోలిక తక్కువ.

ఈ లోయలో నిత్యం పారే నది లేదు. ఆంటెలోప్ క్రీక్ అనే వాగు సంవత్సరంలో చాలా భాగం ఎండిపోయి ఉంటుంది. ఎగువన పెద్ద వాన పడినప్పుడు, మట్టి గాని చెట్లు గాని అంతగా లేని రాతి నేల మీద నీరు ఇంకక ఒక్కసారిగా వాగులోకి చేరుతుంది. విశాలమైన ప్రదేశంలో పడిన నీరంతా మీటరు వెడల్పు చీలికలో దూరవలసి వచ్చినప్పుడు దాని వేగము, ఎత్తు అమాంతంగా పెరుగుతాయి. నీటితో వచ్చే ఇసుక గోడలను ఆకురాయిలాగా అరగదీస్తుంది. ఇలా లక్షలాది సంవత్సరాలు అరగడం వలననే గోడలు చేత్తో నునుపు చేసినట్లు, అలలు గట్టిపడి నిలిచినట్లు కనిపిస్తాయి. ఈ పని ఇంకా ముగియలేదు. ప్రతి వరద తరువాత అడుగున ఇసుక మట్టం మారుతూ ఉంటుంది. ఒక సంవత్సరం తల పైన ఉన్న రాయి మరుసటి సంవత్సరం భుజానికి తగలవచ్చును.

వెలుగు, రంగులు

ఎగువ లోయ పైభాగంలో ఇరుకుగాను అడుగున వెడల్పుగాను ఉంటుంది. దిగువ లోయ ఇందుకు విరుద్ధం: పైన వెడల్పు, అడుగున ఇరుకు. అందువలన ఎగువ లోయలో చీకటి ఎక్కువ. పైనున్న సన్నని కంతల గుండా మధ్యాహ్నపు ఎండ ఒక స్తంభంలాగా నేలకు దిగుతుంది. సూర్యుడు నడినెత్తికి దగ్గరగా వచ్చే రోజులలో, అంటే సుమారు మార్చి చివరి నుండి అక్టోబరు మొదటి వారం వరకు మాత్రమే ఈ కాంతి స్తంభాలు కనిపిస్తాయి. శీతాకాలంలో వెళ్ళి అవి లేవని నిరాశపడేవారు ఉన్నారు.

కాంతి ఒక గోడ నుండి మరొక గోడకు తగిలి క్రిందికి దిగే కొద్దీ ఎరుపు చిక్కబడుతుంది. పైన పసుపు, నడుమ నారింజ, క్రింద ఎరుపు కనిపించడానికి కారణం ఇదే. నేరుగా ఎండ తగలని మూలలలో ఆకాశపు నీలం కలసి ఊదా రంగు వస్తుంది. అయితే పత్రికలలోను, క్యాలెండర్లలోను కనిపించే మండే రంగులు కంటికి అంత ముదురుగా కనిపించవు. కెమెరాలో రంగుల సర్దుబాటును వెచ్చని వైపుకు జరపడం వలన అవి అలా వస్తాయి. అనేకమంది గైడులు యాత్రికుల ఫోన్లు తీసుకొని ఆ మార్పు తామే చేసి పెడతారు. నిజానికి కంటికి కనిపించే లేత రంగులే ఎక్కువ అందమైనవని చెప్పవచ్చును.

ఆస్ట్రేలియా ఛాయాగ్రాహకుడు పీటర్ లిక్ ఎగువ లోయలో తీసిన ఫాంటమ్ అనే నలుపు తెలుపు చిత్రం 65 లక్షల డాలర్లకు అమ్ముడుపోయినట్లు 2014లో ప్రకటించారు. కొన్నవారి పేరు వెల్లడి కానందున ఆ ధరను సందేహించినవారు కూడా ఉన్నారు.

1997 వరద

1997 ఆగస్టు 12న దిగువ లోయలో ఉన్న 11 మంది యాత్రికులు ఆకస్మిక వరదలో చనిపోయారు. వారిలో ఏడుగురు ఫ్రాన్సు దేశస్థులు, ఇద్దరు అమెరికన్లు, ఒకరు బ్రిటన్, ఒకరు స్వీడన్ దేశస్థులు. ఆ సమయంలో లోయ వద్ద పడిన వాన చాలా స్వల్పం. కుంభవృష్టి కురిసినది దాదాపు 11 కిలోమీటర్ల ఎగువన. అప్పుడు లోయలో ఉన్న నిచ్చెనలు కర్రతోను, త్రాళ్ళతోను చేసినవి. వరద వాటిని కూడా ఊడ్చుకొని పోయినది. లోయలో చిక్కుకొన్నవారిలో ఒక్క గైడు మాత్రమే బ్రతికి బయటపడ్డాడు. వడి నీటిలో ఆత్మరక్షణకు అతడు అంతకుముందే శిక్షణ పొంది ఉన్నాడు.

ఈ సంఘటన నుండి గ్రహించవలసిన విషయం ఒకటి ఉన్నది. లోయ అడుగున నిలబడినవారికి పైన కనిపించేది ఒక పట్టీ అంత ఆకాశమే. అది నిర్మలంగా ఉన్నంత మాత్రాన ప్రమాదం లేదనుకొనరాదు. వరదను ముందుగా తెలుసుకొనగలిగేది ఎగువ ప్రాంతపు వాతావరణాన్ని గమనించేవారే గాని లోపల ఉన్నవారు కాదు. తరువాతి కాలంలో నిచ్చెనలను రాతికి బోల్టులతో బిగించారు. పట్టుకొని ఎక్కడానికి వీలుగా పైభాగంలో వలలు అమర్చారు. టిక్కెట్ల గది వద్ద జాతీయ వాతావరణ సేవ హెచ్చరికలు వినిపించే రేడియో, ప్రమాద సూచక సైరన్ ఏర్పాటు చేశారు.

వరదలు మాత్రం ఆగలేదు. 2006 అక్టోబరు 30న మొదలైన వరద 36 గంటలు సాగి, దిగువ లోయను అయిదు నెలల పాటు మూసివేయవలసి వచ్చినది. 2010 జూలై 30న ఎగువ లోయలో రెండు వరదలు వెంటవెంటనే రాగా కొందరు యాత్రికులు ఒక రాతి అంచు మీద చిక్కుకుపోయారు. జూలై నుండి సెప్టెంబరు వరకు ఈ ఎడారికి కూడా ఋతుపవనాల కాలమే. ఆ నెలలలో మబ్బు సూచన కనిపిస్తే యాత్రలు రద్దు చేస్తారు. దూరం నుండి వచ్చినవారికి ఇది బాధ కలిగించినా, గైడు వద్దన్నప్పుడు వాదించకపోవడం మంచిది.

యాత్ర జరిగే తీరు

యాత్రలను నవాజో ఉద్యానవనాల శాఖ అనుమతి పొందిన సంస్థలు నడుపుతాయి. గైడులలో అత్యధికులు నవాజోలే. గైడు రుసుముతో పాటు నవాజోలకు చెందవలసిన ప్రవేశ రుసుము కూడా చెల్లించాలి. ఇది తెగవారి భూమి కనుక అమెరికా జాతీయ ఉద్యానవనాల వార్షిక పాసు ఇక్కడ చెల్లదు. ఎండాకాలపు మధ్యాహ్న యాత్రలకు ధర అధికం. వారాల ముందే స్థలాలు నిండిపోతాయి.

ఎగువ లోయకు పోవాలంటే ఎండిన వాగు ఇసుకలో కొన్ని కిలోమీటర్లు వాహనంలో కుదుపులతో ప్రయాణించాలి. లోపల నేల సమతలంగా ఉంటుంది. దాని పొడవు రమారమి 200 మీటర్లే. రెండవ చివర బయటికి వచ్చి పైనున్న మెట్ల దారి గుండా తిరిగి రావాలి. దిగువ లోయ దీనికి రెట్టింపు పొడవు. అక్కడ నిటారైన ఇనుప మెట్లు దిగి, ఇరుకైన వంపులలో ఒకరి వెనుక ఒకరు నడచి, చివరకు నేలలోని ఒక పగులు నుండి బయటికి రావాలి. మోకాళ్ళ నొప్పులున్నవారికి, ఇరుకు చోట్లంటే భయపడేవారికి ఇది తగదు. ఒక్కొక్క యాత్రకు గంట నుండి గంటన్నర పడుతుంది. ఇదే వాగుపై ఉన్న కాన్యన్ ఎక్స్ అనే మరొక భాగంలో రద్దీ కొంత తక్కువ.

సంచులు, కెమెరా స్టాండులు, సెల్ఫీ కర్రలు, డ్రోన్లు అనుమతించరు. నీటి సీసా, కెమెరా లేదా ఫోను చేతిలో పట్టుకొని వెళ్ళవచ్చును. గాలి వీచినప్పుడు పైనుండి సన్నని ఇసుక రాలుతూ ఉంటుంది కనుక లోపల కెమెరా కటకాలు మార్చడం తెలివైన పని కాదు. రద్దీ వేళలలో ఒక గుంపు వెనుక మరొక గుంపు వస్తూ ఉండడం వలన ఒకచోట తీరికగా నిలబడి చూసే అవకాశం ఉండదు. లోయకు ఉన్న పెద్ద లోపం ఇదే. ఉదయపు మొదటి యాత్రలో కాంతి స్తంభాలు ఉండకపోయినా ప్రశాంతత కొంత దొరుకుతుంది.

నవాజోలకు ఈ లోయ

నవాజోలు తమను తాము దినే అని పిలుచుకుంటారు. వారి ప్రాంతం సుమారు 71,000 చదరపు కిలోమీటర్లు, అంటే తెలంగాణలో మూడింట రెండు వంతులకు కొంచెం తక్కువ. ఇది ఆరిజోనా, న్యూ మెక్సికో, యూటా రాష్ట్రాలలో విస్తరించి ఉన్నది. 1864లో అమెరికా సైన్యం వేలాది నవాజోలను స్వస్థలాల నుండి వెళ్ళగొట్టి, వందలాది కిలోమీటర్లు నడిపించి, న్యూ మెక్సికోలోని బోస్క్ రెడొండోలో నిర్బంధించినది. 1868 ఒప్పందం తరువాత వారు తిరిగి రాగలిగారు. ఈ భూమిలోకి ఎవరు, ఎలా రావాలో తామే నిర్ణయించాలన్న పట్టుదలకు ఈ చరిత్ర కూడా ఒక కారణం.

పేజ్ సమీపంలోని బొగ్గు విద్యుత్ కేంద్రం 2019లో మూతపడినది. అందులో పనిచేసినవారిలో అధికులు నవాజోలే. దానితో పర్యాటకం మీద ఆధారం మరింత పెరిగినది. అయినప్పటికీ కరోనా కాలంలో, 2020 మార్చి నుండి 2021 వేసవి వరకు, ఆదాయం పోయినా సరే నవాజోలు తమ ఉద్యానవనాలను మూసే ఉంచారు.

నవాజో నేషన్‌లో మద్యం అమ్మడం, కలిగి ఉండడం నిషిద్ధం. స్థానికుల ఫోటోలు అడగకుండా తీయరాదు. గోడల మీద పేర్లు చెక్కడం నేరం. గైడును పేరు పెట్టి పలకరించి వారి భాష గురించి అడిగితే చాలామంది సంతోషంగా చెబుతారు.

సమీప ప్రదేశాలు

పేజ్ పట్టణం 1957లో గ్లెన్ కాన్యన్ ఆనకట్ట కూలీల కొరకు వెలసినది. 216 మీటర్ల ఎత్తైన ఈ ఆనకట్ట వెనుక కొలరాడో నది నీరు లేక్ పవెల్ జలాశయంగా నిలిచినది. కరవుల వలన 2023 తొలి నెలలలో ఇది నిండిన తరువాత అప్పటి వరకు ఎన్నడూ లేనంత అడుగుకు పడిపోయినది. పట్టణానికి దక్షిణాన ఉన్న హార్స్‌షూ బెండ్ వద్ద నది గుర్రపు లాడం ఆకారంలో మలుపు తిరుగుతుంది. దాదాపు 300 మీటర్ల ఎత్తు నుండి దానిని చూడవచ్చును. అక్కడ గైడు అవసరం లేదు గాని రానుపోను 2.4 కిలోమీటర్ల నడక, నీడ దాదాపు శూన్యం. కొంత భాగానికి మాత్రమే కమ్మీలు ఉన్నాయి కనుక పిల్లల చేయి వదలరాదు.

చేరుకొనే మార్గం, సమయం

లాస్ వేగాస్ నుండి పేజ్ దాదాపు 440 కిలోమీటర్లు. ఫీనిక్స్ నుండి కూడా ఇంచుమించు అంతే. రెండు చోట్ల నుండి ఒక రోజు బస్సు యాత్రలు ఉన్నాయి. పోవడానికి నాలుగున్నర గంటలు, రావడానికి నాలుగున్నర గంటలు కనుక తెల్లవారుజామున బయలుదేరక తప్పదు. అమెరికాలోని తెలుగు కుటుంబాలు అనేకం దీనిని గ్రాండ్ కాన్యన్‌తో కలిపి రెండు మూడు రోజుల ప్రయాణంగా పెట్టుకుంటాయి. వృద్ధులైన తల్లిదండ్రులు వెంట ఉంటే ఆ పద్ధతి మేలు.

గడియారం విషయంలో ఒక చిక్కు ఉన్నది. అమెరికాలో ఎండాకాలంలో గడియారాలను గంట ముందుకు జరుపుతారు. ఆరిజోనా రాష్ట్రం దీనిని పాటించదు. నవాజో నేషన్ పాటిస్తుంది. లోయ నవాజో నేషన్‌లోనే ఉన్నా అక్కడి యాత్రలు మాత్రం పేజ్ పట్టణపు సమయం ప్రకారం, అంటే ఆరిజోనా సమయం ప్రకారం నడుస్తాయి. పక్కనున్న యూటా లేదా నవాజో టవరు సంకేతం అందుకొన్న ఫోను గంట ఎక్కువ చూపిస్తుంది. వేసవిలో మాన్యుమెంట్ వ్యాలీ నుండి వచ్చేవారు ఒక గంట ముందుగా చేరుకొని ఎండలో వేచి ఉండడం తరచుగా జరుగుతుంది. శీతాకాలంలో లాస్ వేగాస్ నుండి వచ్చేవారి పరిస్థితి ఇంతకంటె కష్టం. అప్పుడు పేజ్ సమయం ఒక గంట ముందుంటుంది కనుక, ఈ లెక్క మరచినవారు వచ్చేసరికి వారి గుంపు లోయలోకి వెళ్ళిపోయి ఉంటుంది.