బోనీ ఎమ్ గళం - లిజ్ మిచెల్

పాట వింటున్నప్పుడు ఆ గొంతు ఎవరిదన్న సందేహం శ్రోతలకు సాధారణంగా కలుగదు. వేదికపై కనిపించేవారే పాడుతున్నారని భావించడం సహజం. 1970వ దశకంలో ప్రపంచాన్ని ఉర్రూతలూగించిన డిస్కో సంగీతంలో మాత్రం రూపం ఒకరిది, స్వరం మరొకరిది అయిన సందర్భాలున్నాయి. అటువంటి కాలంలో తన స్వరాన్నే నమ్ముకొని నిలిచిన గాయని లిజ్ మిచెల్.

అమెరికా నగరాలలోని నృత్యశాలలలో డిస్కో రూపుదిద్దుకొన్నది. నిమిషానికి సుమారు 120 సార్లు, ఎక్కడా తడబడక సాగే దరువు దీని ప్రాణం. ఈ సంగీతం అనతికాలంలోనే ఐరోపాకు వ్యాపించింది.

లిజ్ మిచెల్ 1952 జూలై 12న జమైకా దేశంలోని క్లారెండన్‌లో జన్మించింది. 1963లో, పదకొండేళ్ల ప్రాయంలో, లండన్ నగరానికి వలస వచ్చింది. యౌవనంలో జర్మనీ చేరి, బెర్లిన్‌లో 'హెయిర్' అనే సంగీత నాటకంలో పాల్గొన్నది. తరువాత లెస్ హంఫ్రీస్ సింగర్స్ బృందంలో పాడింది.

ఆ రోజులలో ఫ్రాంక్ ఫారియన్ అనే జర్మన్ సంగీత నిర్మాత 1975లో తానే పాడిన ఒక పాటను 'బోనీ ఎమ్' అనే కల్పిత నామంతో విడుదల చేశాడు. దానికి ఆదరణ లభించడంతో టెలివిజన్‌లో కనిపించడానికి ఒక బృందం అవసరమైంది. 1976 నాటికి లిజ్ మిచెల్, మార్సియా బారెట్, మైజీ విలియమ్స్, బాబీ ఫారెల్ అందులో స్థిరపడ్డారు. నలుగురూ కరీబియన్ దీవులకు చెందినవారే.

అయితే రికార్డులలో నలుగురి గొంతులూ లేవు. ప్రధాన గళం లిజ్‌ది. కొన్ని పాటలను మార్సియా పాడింది. గంభీరమైన పురుష స్వరం ఫారియన్‌ది. ఆ స్వరానికి పెదవులు కదుపుతూ బాబీ ఫారెల్ అద్భుతంగా నర్తించేవాడు. స్టూడియోలో ఒకే గొంతును టేపుపై పలుమార్లు ముద్రించి, ఒకదానిపై ఒకటి చేర్చడం వల్ల కొద్దిమంది పాడినా పెద్ద బృందగానం వలె వినిపించేది.

లిజ్ ప్రతిభకు నిదర్శనం 1978లో వెలువడిన 'రివర్స్ ఆఫ్ బాబిలోన్'. బైబిలులోని 137వ కీర్తన దీనికి ఆధారం. బబులోను చెరలో స్వదేశాన్ని తలచుకొని యూదులు పడిన వేదన ఆ కీర్తనలోని విషయం. జమైకాకు చెందిన మెలోడియన్స్ బృందం 1970లోనే దీనిని పాటగా రూపొందించింది. ఆఫ్రికా నుండి బానిసలుగా తరలింపబడినవారి సంతతి ఆ దుఃఖంలో తమ చరిత్రను చూచుకొన్నది. చిన్ననాడే జమైకాను వీడిన లిజ్ అదే పాటను డిస్కో దరువుపై పాడింది. బ్రిటన్‌లో ఆ పాట ఐదు వారాలు ప్రథమ స్థానంలో నిలిచింది. ఇరవై లక్షలకు పైగా ప్రతులు అమ్ముడుపోయాయి. నృత్యం కోసం పుట్టిన సంగీతం ప్రవాస వేదనను ఇంటింటికీ చేర్చింది.

1986లో బోనీ ఎమ్ బృందం విడిపోయింది. అనంతరం సభ్యులు అదే పేరుతో వేర్వేరు బృందాలుగా ప్రదర్శనలిచ్చారు. లిజ్ 1988లో సొంత ఆల్బమ్ వెలువరించి, పాత పాటలతోనూ దేశదేశాలు తిరిగింది. 1990లో ఫారియన్ రూపొందించిన 'మిల్లీ వనిల్లీ' జంట తమ రికార్డులలో పాడలేదని వెల్లడై, వారికిచ్చిన గ్రామీ పురస్కారాన్ని వెనక్కు తీసుకొన్నారు. ఫారియన్ 2024 జనవరిలో కన్నుమూశాడు.

బృందాన్ని రూపొందించినవాడు నిర్మాత. దానికి ఆకర్షణ తెచ్చినది నృత్యం. కానీ కాలక్రమంలో వేషాలు మారినా, బృందం చెదరినా, రికార్డులో మిగిలేది గొంతే. పేరును పలువురు పంచుకోవచ్చు; స్వరాన్ని పంచుకోవడం సాధ్యం కాదు. లిజ్ మిచెల్ జీవితం ఈ సత్యానికి నిదర్శనం.