ఒక్క మెతుకు చాలదు

అన్నం ఉడికిందో లేదో తెలియడానికి ఒక్క మెతుకు పట్టి చూస్తే చాలంటారు పెద్దలు. ఓడకెక్కే ఇనుప ఖనిజానికి ఈ మాట చెల్లదు. ఎందుకు చెల్లదో తెలిస్తే పదో తరగతి గణితంలోని ప్రామాణిక విచలనం పాఠం పిల్లలకు సులువుగా బోధపడుతుంది.

బళ్లారి, హోస్పేట ప్రాంతపు గనుల ఖనిజం ఏళ్ల తరబడి రైళ్లలో చెన్నై రేవుకు చేరి, విదేశాలకు వెళ్లింది. 2010లో కర్ణాటక ఎగుమతులను నిషేధించింది. 2011లో మద్రాసు హైకోర్టు ఈ రేవులో ధూళి సరుకులను ఆపించింది. అలా ఆ వ్యాపారం ముగిసింది. రాయపురం పెద్దలను అడిగితే ఆ ఎర్ర రాశుల సంగతి చెబుతారు.

ఆ సరుకుకు ధర కట్టేది అందులోని ఇనుము శాతాన్ని బట్టి. 50,000 టన్నుల సరుకులో ఒక్క శాతం తేడా అంటే 500 టన్నుల ఇనుము. పరీక్షకు తీసుకునే పొడి మాత్రం కొద్ది గ్రాములే. ఆ చిటికెడు పొడే ఓడంతటికీ సాక్ష్యం చెప్పాలి.

రాశి పోసినప్పుడు పెద్ద గడ్డలు అంచులకు దొర్లిపోతాయి, పొడి నడుమ నిలుస్తుంది. రెండింటిలో ఇనుము ఒకే పాళ్లలో ఉండకపోవచ్చు. ఒకచోట గంపెడు తీసి పరీక్షిస్తే అమ్మినవారో కొన్నవారో నష్టపోతారు. అందుకే కదులుతున్న కన్వేయర్ బెల్టు నుంచి, సమాన వ్యవధుల్లో, ఈ అంచు నుంచి ఆ అంచు దాకా ఉన్న ఖనిజాన్నంతా తీస్తారు. వాటిని కలిపి, నలగ్గొట్టి, అంచెలంచెలుగా తగ్గిస్తారు. ప్రతి రేణువుకూ ఎంపికయ్యే అవకాశం సమానంగా ఉండాలి. ఫ్రాన్సు శాస్త్రవేత్త పియరీ జీ నమూనా సిద్ధాంతానికి ఇదే మూలసూత్రం.

దీన్ని మేము తరగతిలో కందులు, మినుములతో చూపుతాం. నూటికి 60 కందులు ఉండేలా రెండూ బాగా కలిపి, కళ్లు మూసుకుని 25 గింజలు తీస్తే, కందుల శాతం సాధారణంగా 10 దాకా అటూ ఇటూ అవుతుంది. 100 గింజలు తీస్తే ఆ తేడా 5కు దిగుతుంది. నమూనా నాలుగింతలైతే తేడా సగమవుతుందన్నమాట. కందులు ఒకవైపు, మినుములు ఒకవైపు ఉండగా ఒకే మూల నుంచి తీస్తే మాత్రం ఎన్ని గింజలు తీసినా లాభం లేదు.

సంఖ్యాక శాస్త్రంలో ప్రపంచ ఖ్యాతి పొందిన సి.ఆర్. రావు 1920లో అప్పటి బళ్లారి జిల్లా హడగలిలో ఒక తెలుగు కుటుంబంలో పుట్టారు. ఆ జిల్లా నాడు మద్రాసు ప్రెసిడెన్సీలోనిదే. ఈ సంగతి కూడా పిల్లలకు చెప్పండి. సూత్రం బల్లమీద రాసేముందు గుప్పెడు గింజలు వారి చేతుల్లో పెట్టండి.