స్టేషన్‌ ఉంది... చేరేదెలా?

మదీనాగూడ నుంచి హైటెక్‌ సిటీ గట్టిగా ఎనిమిది, తొమ్మిది కిలోమీటర్లు. ఒకవైపు ఎంఎంటీఎస్‌, మరోవైపు మెట్రో, ఇంటి ముందు జాతీయ రహదారి. ఇన్ని ఉన్నా ఆఫీసుకు వెళ్లి రావడం రోజూ ఓ పరీక్షే. ఎందుకలా?

ఊళ్లో ఇంజినీరింగ్‌ పూర్తిచేసిన ఓ కుర్రాడు ఉద్యోగం వెతుక్కుంటూ హైదరాబాద్‌ వచ్చి, మదీనాగూడలో బాబాయి వాళ్లింట్లో దిగాడనుకుందాం. మర్నాడు పొద్దున్నే సైబర్‌ టవర్స్‌ దగ్గర ఇంటర్వ్యూ. ఎవరో చెబితే హఫీజ్‌పేట స్టేషన్‌కి వెళ్లి ఎంఎంటీఎస్‌ ఎక్కుతాడు. తర్వాతి స్టేషనే హైటెక్‌ సిటీ. ‘అరె, ఇంత దగ్గరా!’ అనుకుంటూ దిగి, బోర్డు చూసుకుంటాడు. పేరు సరిగ్గానే ఉంది. బయటికొచ్చి చూస్తే... టవర్లూ లేవు, అద్దాల మేడలూ లేవు.

‘‘ఇది రైలు హైటెక్‌ సిటీ తమ్మీ. నువ్వు పోయేది మెట్రో హైటెక్‌ సిటీ. ఇంకా మూడు కిలోమీటర్లుంది, ఎక్కు’’ అంటాడు ఆటో డ్రైవరు.

ఒకే ఊళ్లో ఒకే పేరుతో రెండు స్టేషన్లు. ఒకటి దక్షిణ మధ్య రైల్వేది, రెండోది మెట్రోది. రెంటికీ మధ్య సుమారు మూడు కిలోమీటర్లు. వాటిని కలిపే రైలు లేదు. నగరానికి కొత్తగా వచ్చినవాళ్లు ఒకసారి పొరబడి, ఆటోకి డబ్బులు పెట్టి, తర్వాత తెలివి తెచ్చుకుంటారు. పాతవాళ్లకు మాత్రం ఆ మూడు కిలోమీటర్లు రోజూ ఉండే బెడదే.

పట్టాలు ముందు... టవర్లు తర్వాత

తప్పు ఎక్కడుందో తెలియాలంటే కాస్త వెనక్కి వెళ్లాలి. ముంబయి వెళ్లే రహదారి, వాడి వైపు వెళ్లే రైలు మార్గం... నగరానికి పడమరగా సాగే ఈ రెండు దారులూ పాతవే. 1960ల్లో రామచంద్రాపురంలో బీహెచ్‌ఈఎల్‌, 1972లో పటాన్‌చెరు దగ్గర ఇక్రిశాట్‌ వచ్చింది ఆ రహదారిని ఆనుకునే. చందానగర్‌, మదీనాగూడ, మియాపూర్‌లలో కాలనీలు పెరిగిందీ ఆ దారి వెంటే. అప్పట్లో ఆఫీసూ రోడ్డు మీదే, ఇల్లూ రోడ్డు పక్కనే. బస్సెక్కితే తిన్నగా పని దగ్గరే దిగేవారు.

1998 నవంబరు 22న అప్పటి ప్రధాని అటల్‌ బిహారీ వాజ్‌పేయి మాదాపూర్‌లో సైబర్‌ టవర్స్‌ను ప్రారంభించారు. రాళ్లూ గుట్టల మధ్య లేచిన ఆ గుండ్రటి భవనం ఒక తరం కలలకు గుర్తుగా నిలిచింది. అయితే అది రైలు మార్గానికి దక్షిణంగా, ముంబయి రహదారికి బాగా ఎడంగా కట్టింది. చుట్టూ స్థలం ఉంది కాబట్టి అక్కడ కట్టారు. జనం ఎలా వస్తారన్నది తర్వాత చూసుకుందామనుకున్నారు. ఆ ‘తర్వాత’ రావడానికి ఏళ్లు పట్టింది.

2003 ఆగస్టు 9న ఎంఎంటీఎస్‌ రైళ్లు మొదలయ్యాయి. రాష్ట్ర ప్రభుత్వం, రైల్వే కలిసి చేపట్టిన పథకమది. ఎంఎంటీఎస్‌ అంటే మల్టీ మోడల్‌ ట్రాన్స్‌పోర్ట్‌ సిస్టమ్‌... రైలు దిగితే బస్సు, బస్సు దిగితే రైలు అందేలా రకరకాల వాహనాలను ఒక గొలుసులా కలపాలన్నది పేరులోనే ఉన్న మాట. రైలైతే వచ్చింది. గొలుసు మాత్రం అతకలేదు.

మెట్రో కథ మరింత పొడుగు. ఒక టెండరు రద్దయ్యాక, 2010 సెప్టెంబరులో ఎల్‌ అండ్‌ టీతో ఒప్పందం కుదిరింది. 2017 నవంబరు 28న ప్రధాని నరేంద్ర మోదీ చేతుల మీదుగా మియాపూర్‌ - నాగోల్‌ మధ్య 30 కిలోమీటర్లు ప్రారంభమయ్యాయి. అమీర్‌పేట నుంచి హైటెక్‌ సిటీకి మెట్రో వచ్చింది 2019 మార్చి 20న. అదే ఏడాది నవంబరు 29న రాయదుర్గం దాకా సాగింది. అంటే సైబర్‌ టవర్స్‌ తలుపులు తెరిచిన ఇరవై ఏళ్లకు గానీ ఆ గుమ్మం ముందు మెట్రో ఆగలేదన్నమాట!

ముక్కేదంటే...

సరే, ఆలస్యంగానైనా వచ్చింది. మదీనాగూడ వాళ్లకు మియాపూర్‌ మెట్రో రెండు మూడు కిలోమీటర్లే. ఇక ఇబ్బందేముంది?

మియాపూర్‌లో రైలెక్కితే జేఎన్‌టీయూ, కేపీహెచ్‌బీ, కూకట్‌పల్లి, బాలానగర్‌, మూసాపేట, భరత్‌నగర్‌, ఎర్రగడ్డ, ఈఎస్‌ఐ, ఎస్‌ఆర్‌ నగర్‌... పదో స్టేషను అమీర్‌పేట. అక్కడ దిగి, జనంలో పడి మెట్లెక్కి రెండో రైలు పట్టుకోవాలి. మధురానగర్‌, యూసుఫ్‌గూడ, జూబ్లీహిల్స్‌ రోడ్‌ నంబరు 5, చెక్‌పోస్టు, పెద్దమ్మ గుడి, మాదాపూర్‌, దుర్గం చెరువు... ఎనిమిదోది హైటెక్‌ సిటీ. మొత్తం పద్దెనిమిది స్టేషన్లు, ఇరవై కిలోమీటర్లకు పైగా ప్రయాణం. పోవాల్సింది పక్కనున్న చోటుకి! ముక్కేదంటే తల చుట్టూ చెయ్యి తిప్పి చూపించినట్టు.

రైల్లో కూర్చునే సమయమే ముప్పావు గంటకు దగ్గరగా ఉంటుంది. ఇంటి నుంచి మియాపూర్‌ వెళ్లడం, అమీర్‌పేటలో మారడం, దిగాక ఆఫీసు దాకా నడవడం అదనం. రోజూ రానూ పోనూ కలిపి ఒక్క గంట అనవసరంగా పోతుందనుకున్నా, ఏడాదికి 240 పనిదినాలు వేసుకుంటే 240 గంటలు. రాత్రీ పగలూ కలిపి పది పూర్తి రోజులు! పిల్లల హోంవర్కు దగ్గరో, పెద్దవాళ్ల మందుల దగ్గరో ఉండాల్సిన సమయమది.

చక్రానికి పట్టా లేదు

ఎడ్లబండి చక్రాన్ని ఊహించుకోండి. మధ్యలో కుంభి, దాన్నుంచి నలువైపులా ఆకులు, వాటిని చుట్టి పట్టా. హైదరాబాద్‌ రవాణాలో ఆకులన్నీ ఉన్నాయి. పడమటి శివార్ల నుంచి ఎంఎంటీఎస్‌గానీ, మెట్రోగానీ, 218, 219 లాంటి పటాన్‌చెరు బస్సులుగానీ అన్నీ నగరం మధ్యకే చేరతాయి. కోఠి, సికింద్రాబాద్‌ వెళ్లేవాళ్లకు హాయి. కానీ ఉద్యోగాలు మాదాపూర్‌, గచ్చిబౌలి, నానక్‌రాంగూడలకు వెళ్లిపోయాయి. ఒక ఆకు చివరి నుంచి పక్క ఆకు చివరికి పోవాలంటే కుంభి దాకా వెళ్లి తిరిగి రావాల్సిందే. పట్టా బిగించకపోతే చక్రం ఎలా నడుస్తుంది?

ఇటువైపు ఆ పట్టా పని ఇప్పుడు ప్రధానంగా ఒక రోడ్డు చేస్తోంది. హఫీజ్‌పేట వంతెన దిగి కొండాపూర్‌, కొత్తగూడ మీదుగా సాగే దారి అది. బస్సులు, కంపెనీ క్యాబులు, కార్లు, బైకులు, పాఠశాల వ్యాన్లు, నీళ్ల ట్యాంకర్లు అన్నీ అందులోనే. 2023 జనవరి 1న కొత్తగూడ ఫ్లైఓవరు, 2025 జూన్‌లో కొండాపూర్‌ నుంచి ఔటర్‌ రింగ్‌రోడ్డు వైపు మరో ఫ్లైఓవరు వచ్చాయి. కార్లకు కాస్త ఊపిరాడింది. అయితే బస్టాపు ఫ్లైఓవరు మీద ఉండదు. బస్సు కోసం నిలబడేవాళ్లు కిందే ఉంటారు.

క్యాబు ఎక్కని వాళ్లు

హైటెక్‌ సిటీ అనగానే మెడలో ట్యాగు వేసుకున్న సాఫ్ట్‌వేర్‌ ఉద్యోగులే గుర్తొస్తారు. వాళ్లలో చాలామందికి బైకో, కారో, కంపెనీ క్యాబో ఉంటుంది. మరి ఆ ఆఫీసుల నేల తుడిచే అమ్మ? గేటు దగ్గర నిలబడే సెక్యూరిటీ గార్డు? క్యాంటీన్లో పెనం ముందుండే వంటమనిషి? వాళ్లంతా అందరికంటే ముందొచ్చి, అందరికంటే చివర వెళ్లేవాళ్లు. ఎంఎంటీఎస్‌ టికెట్‌ చవకే. కానీ స్టేషన్‌ నుంచి ఆఫీసు దాకా ఎక్కే షేర్‌ ఆటోకి రైలు టికెట్‌ కంటే ఎక్కువవుతుంది. రైల్లో మిగిలిన డబ్బు ఆటోలో పోతుంది.

పైగా ఎంఎంటీఎస్‌ నడిచేది దూరప్రాంత ఎక్స్‌ప్రెస్‌లు, గూడ్సు బండ్లు తిరిగే పట్టాల మీదే. ఆ బండ్లకు దారివ్వాల్సి వచ్చినప్పుడు లోకల్‌ ఆగుతుంది. మెట్రోలా ‘ఇది పోతే ఇంకోటి’ అనుకునే వీలుండదు. ఒక్క రైలు తప్పితే ఆ పూట హాజరు పట్టీలో ఆలస్యం పడ్డట్టే.

ఇలాంటి వాళ్లకు పెద్ద ఊరట 2023 డిసెంబరు 9న మొదలైన మహాలక్ష్మి పథకం. సిటీ ఆర్డినరీ, మెట్రో ఎక్స్‌ప్రెస్‌ బస్సుల్లో తెలంగాణ మహిళలకు టికెట్‌ లేదు. దాంతో మెట్రో ఛార్జీ, ఆటో ఛార్జీ లెక్కలు వేసుకునే ఇల్లాళ్లు చాలామంది బస్సు వైపు తిరిగారు. ఖర్చు తగ్గింది. ఇక కావాల్సిందల్లా ఆ బస్సు రైలు వేళకు స్టేషన్‌ బయట ఉండటం.

వాళ్లెలా చేశారు?

ఊరి మధ్యలో కాకుండా పక్కన వ్యాపార కేంద్రం కట్టడం మనతోనే మొదలు కాలేదు. లండన్‌లో మూతపడ్డ రేవు స్థలంలో కానరీ వార్ఫ్‌ లేచింది. చిన్నపాటి రైలు 1987లోనే వచ్చినా అది చాల్లేదు. కట్టిన సంస్థ 1992లో దివాలా తీసింది. 1999లో జూబ్లీ లైను, 2022లో ఎలిజబెత్‌ లైను వచ్చాక టవర్ల పక్కనే రైలు దిగే వీలు కలిగింది. పారిస్‌ పక్కన 1958లో మొదలైన లా డిఫాన్స్‌లో 1970లో శివారు రైలు, 1992లో మెట్రో... ఒకే ప్రాంగణంలోకి తెచ్చారు. ఒకటి దిగి ఇంకోటి ఎక్కడానికి రోడ్డు దాటక్కర్లేదు. మన ఢిల్లీలోనూ మెట్రో పింక్‌ లైను నగరం మధ్యకు పోకుండా చుట్టూ తిరుగుతూ, మిగతా లైన్లను చాలాచోట్ల కలుపుతుంది. చక్రానికి పట్టా వేయడమంటే అదే.

కాగితం మీద మదీనాగూడ

ఇక్కడా ఆ ఆలోచన రాకపోలేదు. బీహెచ్‌ఈఎల్‌ నుంచి కొండాపూర్‌, గచ్చిబౌలి, మెహదీపట్నం మీదుగా లక్డీకాపూల్‌ దాకా 26 కిలోమీటర్ల మెట్రో ప్రతిపాదన కొన్నేళ్లు నలిగింది. 2022లో అప్పటి రాష్ట్ర ప్రభుత్వం దానికోసం కేంద్రానికి లేఖ కూడా రాసింది. అదే వచ్చి ఉంటే మదీనాగూడ ప్రాంతం నుంచి ఐటీ ఆఫీసుల వైపు అమీర్‌పేట ముఖం చూడకుండా వెళ్లే వీలుండేది.

2024 అక్టోబరులో రాష్ట్ర మంత్రివర్గం ఆమోదించిన రెండో దశలో అయిదు మార్గాలున్నాయి. మొత్తం 76.4 కిలోమీటర్లు, అంచనా 24,269 కోట్ల రూపాయలు. వాటిలో మియాపూర్‌ నుంచి పటాన్‌చెరుకు 13.4 కిలోమీటర్లు, రాయదుర్గం నుంచి కోకాపేట నియోపొలిస్‌కు 11.6 కిలోమీటర్లు ఈ వైపువే. మొదటిది మదీనాగూడ మీదుగానే సాగాలి. మంచిదే. మియాపూర్‌ దాకా ఆటో బాధ తప్పుతుంది. కానీ ఆ రెండు మార్గాలూ ఉన్న ఆకులకు పొడిగింపులే. మియాపూర్‌ వైపునూ రాయదుర్గం వైపునూ నేరుగా కలిపే గీత ఆ అయిదింటిలో లేదు. మదీనాగూడలో రైలెక్కినా హైటెక్‌ సిటీకి పోవాలంటే మళ్లీ అమీర్‌పేటే దిక్కు!

కొత్త మెట్రోకి వేల కోట్లు, ఏళ్ల సమయం కావాలి. అన్నీ అంత ఖరీదైన పనులు కావు. హైటెక్‌ సిటీ ఎంఎంటీఎస్‌ నుంచి అదే పేరున్న మెట్రో స్టేషన్‌కి రైలు వేళలు చూసి నడిచే చిన్న బస్సులు. వానలో తడవకుండా నిలబడే షెల్టరు. రాత్రి తొమ్మిది దాటినా వెలిగే దీపాలు. ఆక్రమణలు లేని ఫుట్‌పాత్‌. అంగట్లో అన్నీ ఉన్నా అల్లుడి నోట్లో శని అన్నట్టుగా ఉన్న పరిస్థితి మారడానికి వీటితోనే మొదలుపెట్టొచ్చు.

ఏ దారి ఎవరికి?

* సైబర్‌ టవర్స్‌ పరిసరాలకైతే హైటెక్‌ సిటీ మెట్రో దగ్గర. మైండ్‌స్పేస్‌ వైపు ఆఫీసులకు రాయదుర్గం స్టేషన్‌ చూసుకోవాలి.

* హఫీజ్‌పేట, చందానగర్‌ స్టేషన్లకు దగ్గర్లో ఉండి, వేళకు బయల్దేరగలిగితే ఎంఎంటీఎస్‌ చవక. రైలు వేళలు ముందే చూసుకోవాలి.

* కొండాపూర్‌, కొత్తగూడ ఆఫీసులకు మెట్రో చుట్టు దారి. హఫీజ్‌పేట రోడ్డు మీది బస్సే నయం.

* బేగంపేట, సికింద్రాబాద్‌, ఎల్బీ నగర్‌ వైపు పనులుంటే మియాపూర్‌ మెట్రోకు తిరుగులేదు. ట్రాఫిక్‌తో పనిలేదు.

* పిల్లలు ఇంటర్వ్యూకి బయల్దేరుతుంటే చిరునామాతోపాటు ‘ఏ హైటెక్‌ సిటీ?’ అని కూడా అడిగి పంపండి.

సాయంత్రం ఏడు దాటాక హైటెక్‌ సిటీ ఎంఎంటీఎస్‌ దగ్గర ఆటోలు వరసగా ఆగుతాయి. లోపల ఇరుక్కుని కూర్చున్న వాళ్లలో ఒకామె ఫోన్లో ‘‘వచ్చేస్తున్నా నాన్నా, అన్నం తినేయ్‌’’ అంటూ దిగుతుంది. పైన ప్లాట్‌ఫాం మీద లింగంపల్లి రైలు కూత వినిపిస్తుంది. చిల్లర కూడా తీసుకోకుండా మెట్ల వైపు పరిగెడుతుంది. రైలు దొరికితే ఇంటికి ఒక్క స్టేషనే. దొరక్కపోతే ఎంతసేపన్నది ఆమెకు తెలుసు, ఇంట్లో ఎదురుచూసే పిల్లాడికీ తెలుసు.