నిజం మందుతో నిజం బయటపడుతుందా?

ఏదైనా ఘోరమైన హత్య వార్త పత్రికలో పడితే చాలు, నలుగురు కూర్చున్న చోట ఎవరో ఒకరు, "వాడికొక ఇంజెక్షను పొడిస్తే నిజం కక్కడూ?" అంటారు. వినడానికి సబబుగానే ఉంటుంది. లాఠీ లేదు, దెబ్బ లేదు. మత్తులో ఉన్నవాడు తనంత తానే చెప్పేస్తాడు. మరి న్యాయస్థానం దీనికెందుకు అడ్డుపడినట్టు?

నిజాన్ని ఒంట్లోంచి పిండాలనే కోరిక కొత్తది కాదు. మన స్మృతులలో తండుల దివ్యమని ఒకటి ఉన్నది. అనుమానం ఉన్న మనిషి చేత బియ్యం నమిలించి ఉమ్మించేవారు. ఉమ్మిలో నెత్తురు కనబడినా, ఒళ్లు వణికినా దోషి అని తేల్చేవారు. భయపడితే నోరెండిపోతుంది గదా! కాని భయపడేది దొంగ ఒక్కడేనా? దొర మాత్రం భయపడడూ?

యంత్రం సంగతి

లై డిటెక్టరు ఈ తండుల దివ్యానికి మనుమడే. జబ్బకు పట్టీ కట్టి రక్తపు పోటు, ఛాతీకి గొట్టం చుట్టి ఊపిరి, వేళ్లకు రేకులు తగిలించి చెమట కొలుస్తారు. అది చూపేది ఒంటి కలవరాన్ని. అబద్ధాన్ని చూపే ముల్లు అందులో లేదు. రక్తపు పోటుతో అబద్ధం పట్టవచ్చునని అమెరికాలో చాటిన మార్‌స్టన్ అనే మనస్తత్త్వ శాస్త్రజ్ఞుడే 1941లో వండర్ ఉమన్ అనే బొమ్మల కథానాయికను సృష్టించాడు. ఆమె బంగారు తాడు చుట్టుకుంటే ఎవరైనా నిజం చెప్పి తీరాలి! అది కథలో సాగింది గాని కోర్టులో సాగలేదు. 1923లో ఫ్రై అనే ముద్దాయి తరఫువారు ఆయన పరీక్షను సాక్ష్యంగా తేబోతే, శాస్త్రజ్ఞుల ఆమోదం ఇంకా పొందని పద్ధతి అని వాషింగ్టన్ అప్పీలు కోర్టు తోసిపుచ్చింది.

మందు సంగతి

1916లో టెక్సాస్‌లో రాబర్ట్ హౌస్ అనే డాక్టరు ఒక ఇంట పురుడు పోస్తూ తల్లికి స్కోపలమైన్ ఇచ్చాడు. బిడ్డను తూచడానికి త్రాసు ఎక్కడున్నదని అడిగితే భర్తకు దొరకలేదు. మత్తులో ఉన్న ఆ తల్లే ఎక్కడున్నదో చెప్పింది. ఆ మాట పట్టుకొని డాక్టరుగారు 1922లో డల్లాస్ జైలులో ఖైదీల మీద ప్రయోగం చేశాడు. అక్కడినుంచే "నిజం మందు" ప్రచారం. మన దేశంలో వాడినది సోడియం పెంటథాల్. ఆపరేషన్లకు మత్తునిచ్చే మందే. చిక్కేమిటంటే, మత్తులో మనిషి నిజంతో పాటు ఊహలూ చెబుతాడు. అడిగేవాడు ఏది సూచిస్తే దానికి తలూపుతాడు.

కోర్టులు ఏమన్నాయి?

నేరం మోపబడిన మనిషిని తనకు తానే వ్యతిరేకంగా సాక్ష్యం చెప్పమని బలవంతపెట్టరాదని మన రాజ్యాంగం 20(3) అధికరణం అంటుంది. 1961లో సుప్రీంకోర్టులో పదకొండుగురు న్యాయమూర్తులు దీనికొక గీత గీశారు. వేలిముద్ర, చేతివ్రాత నమూనా తీసుకోవచ్చును. అవి పోల్చి చూసుకునే గుర్తులే గాని, మనసులోని మాటలు కావు.

మరి మత్తులో వెలువడే పలుకు గుర్తా, మాటా? 2004లో బొంబాయి హైకోర్టు ఆ పరీక్ష చేయవచ్చునన్నది. 2010 మే 5న సెల్వి కేసులో ప్రధాన న్యాయమూర్తి కె.జి. బాలకృష్ణన్‌గారితో కూడిన ముగ్గురు న్యాయమూర్తులు దానిని మార్చారు. మందైనా, లై డిటెక్టరైనా, మెదడు తరంగాల పరీక్షైనా, మనిషి ఇష్టం లేకుండా చేయరాదన్నారు. ఒప్పుకొని చేయించుకున్నా ఆ ఫలితం దానంతటది సాక్ష్యం కాదు. దాని సాయంతో తరవాత వస్తువేదైనా దొరికితే మాత్రం చట్ట ప్రకారం స్వీకరించవచ్చు. ఆ ఒప్పుకోలు కూడా లాకప్పులో పుచ్చుకుంటే చాలదు. వకీలు సలహా ఉండాలి, మేజిస్ట్రేటు ఎదుట నమోదు కావాలి.

అయినా పాత అలవాటు పోలేదు. నిందితులందరికీ నార్కో పరీక్ష చేస్తామన్న పోలీసుల మాటను పాట్నా హైకోర్టు అంగీకరిస్తే, 2025 జూన్‌లో సుప్రీంకోర్టు ఆ ఉత్తర్వును కొట్టివేసింది.

బిడ్డను పోగొట్టుకున్న తల్లి ఈ తీర్పులు విని, "దోషికి ఇన్ని హక్కులా?" అని కన్నీరు పెడితే నేను తప్పుపట్టను. కాని ఆ కుర్చీలో కూర్చోబెట్టేనాటికి అతడు దోషి అని తేలలేదు గదా! సూది పొడిస్తే పని తీరుతుందనుకున్నచోట ఎండలో తిరిగి సాక్ష్యం కూడగట్టే ఓపిక ఎవరికుంటుంది? అప్పుడు అసలు దోషి తప్పించుకుంటాడు. ఆ తల్లికి రెండోసారి అన్యాయం జరుగుతుంది. అందుకే, "పరీక్షకు ఒప్పుకోలేదు" అన్న వార్త చూడగానే మనం తీర్పు చెప్పేయకపోవడం మంచిదని నా మనవి.