కర్తను దాచే వాక్యం

దళిత, బహుజన పిల్లలకు ఇంగ్లీషు మీడియం కావాలా వద్దా అన్న వాదం తెలంగాణలో దాదాపు ముగిసింది. 2022-23 నుంచి ప్రభుత్వ బడుల్లో అది దశలవారీగా అమలులోకి వచ్చింది. ఇప్పుడు అడగవలసిన ప్రశ్న వేరు: ఏ ఇంగ్లీషు? నల్లగొండ, మహబూబ్‌నగర్ పల్లెల ఉన్నత పాఠశాలల్లో ఇంగ్లీషు బోధిస్తూ నేను తరచూ వినే సలహా ఒకటుంది. ‘ఈ పిల్లలకు గ్రామర్ ఎందుకండీ, నాలుగు ముక్కలు మాట్లాడితే చాలు’ అంటారు. దయగానే అంటారు. అలా అనేవారి ఇంట్లో మాత్రం పిల్లల బల్లమీద రెన్ అండ్ మార్టిన్ ఉంటుంది. మాట్లాడే ఇంగ్లీషు దుకాణం కౌంటర్ దాకా తీసుకుపోతుంది. చట్టమూ, సుప్రీంకోర్టు తీర్పూ ఉన్నది రాత ఇంగ్లీషులో.

రాజ్యాంగం 17వ అధికరణాన్ని ఇంగ్లీషు మూలంలో చూడండి. అంటరానితనం రద్దయిందనీ, దాని ఆచరణ నిషిద్ధమనీ చెప్పే ఆ వాక్యం పాసివ్ వాయిస్‌లో ఉంది. ‘ఆచరణ’ అన్న నామవాచకం ఉంది గాని ఆచరించేవాడు లేడు. 1989 నాటి ఎస్సీ, ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టం మూడో సెక్షన్‌కు వచ్చేసరికి వాక్యం కర్తతోనే మొదలవుతుంది: షెడ్యూల్డ్ కులానికి గాని తెగకు గాని చెందనివారై, ఫలానా పని చేసినవారెవరైనా అని. ‘చెందనివారై’ అన్న ఆ చిన్న ఉపవాక్యం మీదే కేసులు నిలబడతాయి, పడిపోతాయి. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ నుంచి వెళ్లిన ఒక కేసును 2008లో సుప్రీంకోర్టు కొట్టివేసింది. నిందితుడు ఆ కులాలకు చెందనివాడని ఫిర్యాదులో రాయకపోవడం అందుకు చూపిన కారణాల్లో ఒకటి. ఫిర్యాదు రాసే చేతికి ఆ ఉపవాక్యం తెలిసి ఉండాలి.

మరో మాట ‘డీమ్‌డ్’. 341వ అధికరణం కింద నోటిఫై అయిన కులాలను షెడ్యూల్డ్ కులాలుగా ‘భావించవలసి’ ఉంటుంది. అలా భావించినంత మాత్రాన అవన్నీ విభజించరాని ఒకే వర్గమవుతాయా? అవుతాయని 2004లో చిన్నయ్య కేసులో ఐదుగురు న్యాయమూర్తులన్నారు. మాదిగ దండోరా సాధించుకున్న వర్గీకరణ చట్టం కూలిపోయింది. ఆ మాట కులాలను గుర్తించడానికే గాని వాటి మధ్య తేడాలను చెరపడానికి కాదని 2024 ఆగస్టు 1న ఏడుగురు సభ్యుల ధర్మాసనంలో ఆరుగురు చెప్పారు. నడుమ ఇరవై ఏళ్లు! రాజకీయం లేదని కాదు, చాలానే ఉంది. కానీ కోర్టులో తగవు ఒక క్రియాపదం అర్థం మీద కూడా నడిచింది.

ఇంత బరువున్న వ్యాకరణాన్ని మన బడి ఎలా చెబుతున్నది? మార్కుల కిటుకుగా. ‘బై’ కనిపిస్తే పాసివ్ అని గుర్తుపెట్టుకో. ‘ఇఫ్’ తర్వాత ‘హ్యాడ్’ ఉంటే రెండో సగంలో ‘వుడ్ హ్యావ్’ రాయి. పరీక్ష అయ్యాక ఆ సూత్రం మిగలదు. పిల్లవాడు డిగ్రీ పూర్తిచేసి గ్రూప్-1 మెయిన్స్‌కు వెళితే పదో తరగతి స్థాయి ఇంగ్లీషు పేపరు ఎదురవుతుంది. దాని మార్కులు ర్యాంకుకు కలవవు, కానీ అది తప్పితే మిగతా పేపర్లకు విలువ లేదు.

విచిత్రమేమంటే, ఈ పిల్లలకు ఆ వ్యాకరణం ముందే వచ్చు. ‘వాన పడి ఉంటే మేం బొంబాయి పోయేవాళ్లం కాదు’ అని పాలమూరు పిల్ల ఎప్పుడో ఒకప్పుడు అనే ఉంటుంది. ఇంగ్లీషు పుస్తకం థర్డ్ కండిషనల్ అని భయపెట్టేది దాన్నే. కర్తరి, కర్మణి వాక్యాలూ, ప్రత్యక్ష, పరోక్ష కథనాలూ తెలుగు పీరియడ్‌లో చదువుకుంటారు. పక్క పీరియడ్‌లోని ఇంగ్లీషు మాస్టారు వాటినే కొత్త వింతలా మొదలుపెడతారు. రెంటినీ పక్కపక్కన పెడితే తేడాలూ పాఠమవుతాయి. ‘మా తాతను బాయి కాడికి రానియ్యకపోతుండిరి’ అన్న మాటలో కర్త కనబడకపోయినా, క్రియ చివరనున్న ‘ఇరి’ ఆపినది మనుషులేనని చెబుతుంది. దాన్ని ఇంగ్లీషు పాసివ్‌లోకి మార్చితే ఆ మనుషులు కూడా మాయమవుతారు. ఈ సంగతి తొమ్మిదో తరగతి పిల్లలకు రెండు నిమిషాల్లో అర్థమవుతుంది.

దేవరకొండ, అచ్చంపేట తండాల పిల్లలకు తెలుగు కూడా ఇంటి భాష కాదు, గోర్ బోలి నుంచి రెండు మెట్లెక్కి ఇంగ్లీషుకు రావాలి. తల్లిదండ్రుల వెంట వలస వెళ్లిన పిల్లలకు మధ్యలో పాఠాలే పోతాయి. 2011 జనాభా లెక్కల్లో మహబూబ్‌నగర్ అక్షరాస్యత 55 శాతం. ఉమ్మడి రాష్ట్రంలో అదే అట్టడుగు. ఇంట్లో అడిగి తెలుసుకునే వీలు ఎందరికుంటుంది? 1971లో నల్లగొండ జిల్లా సర్వేల్‌లో మొదలైన గురుకుల చదువు ఎందరికో దారి చూపింది. కానీ ప్రవేశ పరీక్షలో సీటు రానివాళ్లు ఊరి హైస్కూల్లోనే ఉన్నారు.

వాళ్ల కోసం అడుగుతున్నవి పెద్దవేమీ కావు. గ్రామర్ పాఠంలో తెలుగు వాడితే తనిఖీ అధికారి తప్పుపట్టకూడదు. గోర్ బోలి వాక్యమూ బోర్డు మీదికి రావాలి. పాసివ్ వాయిస్‌కు ‘రాముడు మామిడిపండు తిన్నాడు’ బదులు 17వ అధికరణాన్ని ఇవ్వాలి. అందులోని ‘ఆచరణ’ను క్రియగా మార్చి, దానికి కర్తను రాయమని పిల్లలను అడగాలి.